పుస్తకం మధ్యలో ఈల

బుధవారం పొద్దున ఫోన్ రిపేరు షాపు షట్టరు ఎత్తేటప్పటికి ఈలాయన చేతిలో ఉన్న సరుకు ఇంతే. పొట్ట విప్పిన పెన్‌డ్రైవ్ ఒకటి. దాని చొక్కా మీద వెండి రంగులో నూట ఇరవై ఎనిమిది అనే అంకె, లోపల ఎనిమిది జీబీల చిప్పు. ఆదివారం దాకా నానా తంటాలు పడి దాంట్లోంచి బయటికి లాగిన పదకొండు గంటల చదువు. ఇంకా లోపలే ఇరుక్కుపోయినవి, ఆయన అంచనా ప్రకారం, ఇరవై ఎనిమిది గంటలు. వీటన్నిటి మీదా మూతగా పది రోజుల కిందట ఆడిన ఒక అబద్ధం. "ఏం లేదమ్మా, దుమ్ము పట్టింది. బుధవారానికి ఇచ్చేస్తాను" అన్నాడు.

ఆ బుధవారం వచ్చి కూర్చుంది.

మొదటినుంచీ ఈ కథ వెంట నడుస్తున్నవాళ్లకి తెలిసిందే, ఈ వారమే కలిసినవాళ్ల కోసం నాలుగు ముక్కలు. లెక్కల మాస్టారు రిటైరైన మనిషి. చూపు లేని తన మేనకోడలి కోసం ఆమె లా చదువు పుస్తకాలు పంతొమ్మిదింటినీ పైకి చదివి రికార్డు చేశాడు. పదకొండు నెలలు, నాలుగు వందల గంటలు. రికార్డు చేసే మిషన్‌లో చోటు చాలక వారానికోసారి అంతా డ్రైవ్‌లోకి మార్చి మిషన్ ఖాళీ చేసుకునేవాడు. ఆ తర్వాత గొంతులో గడ్డ అన్నారు, ఆపరేషన్ అన్నారు. గడ్డతో పాటు గొంతూ పోయింది. ఇప్పుడాయన మాట పలక మీద బలపంతో. పరీక్ష ఇంకా ముప్పై ఎనిమిది రోజుల్లో. డ్రైవ్ అమ్మినవాడు ఈలాయన.

ఈలాయనకి ఆ పేరు ఊరికే రాలేదు. పదిహేనేళ్ల కిందట షాపు పెట్టిన కొత్తలో తనే ఈల వేసి రికార్డు చేసుకున్నాడు. ఏ పాటా కాదు, రెండున్నర నిమిషాల పాటు పైకి ఎక్కి కిందకి దిగే ఒక ఈల. కొనేవాళ్ల ఎదుట డ్రైవ్‌లోకి ఆ ఈల ఎక్కించి, స్పీకరులో వినిపించి, "పాడిందా? పాడింది. తీసుకెళ్లండి" అనేవాడు. బేరం ముగిసినట్టే. ఈల పట్టేంత చోటు ఎంత బోడి డ్రైవ్‌లోనైనా ఉంటుందన్న సంగతి కొనేవాళ్లకి తెలియదు. ఆయనకి తెలుసు. తెలిసినదాన్ని తలుచుకోకుండా ఉండటం కూడా వ్యాపారంలో ఒక పనే.

సరుకు తెచ్చింది బావమరిది. వంద డ్రైవ్‌ల పెట్టె. డెబ్బై మూడు పోయాయి, ఇరవై ఏడు ఇంకా సొరుగులో ఉన్నాయి. సోమవారం ఫోన్ చేసి నిలదీస్తే బావమరిది నవ్వాడు. బజారంతా అదే సరుకు బావా, ఎవరూ నింపి చూసుకోరు, నాలుగు ఫొటోలు పెట్టుకుని మురిసిపోతారు అన్నాడు. నింపినవాడు ఒకడున్నాడురా అంటే, ఆ ఒక్కడికీ కొత్తది ఇచ్చెయ్ అన్నాడు. కొత్తది ఇస్తే సరిపోయే నష్టమైతే ఈలాయన పది ఇచ్చేవాడు.

పదకొండు గంటలకి మాస్టారూ, మేనకోడలూ వచ్చారు. ఆమె చెయ్యి ఆయన భుజం మీద ఉంది, ఆయన చంకలో పలక ఉంది. వీధి చివర మెట్లు దిగేటప్పుడు ఆమె కళ్లు ఆయన, ఇంట్లోకి ఎవరైనా వస్తే ఆయన నోరు ఆమె. చిన్న చిన్న మాటలైతే ఆమె అరచేతిలో వేలితో రాస్తాడు. పెద్ద మాటలైతే పలక మీద రాసి పక్కనున్న ఎవరికైనా చూపిస్తాడు, వాళ్లు ఆమెకి చదివి వినిపించాలి. రెండు నెలలుగా ఆ ఇంట్లో మామా మేనకోడళ్ల మధ్య పెద్ద మాటేదైనా మూడో మనిషి నోటి మీదుగానే నడుస్తోంది.

"బాబాయ్, దుమ్ము దులిపారా?" అంది స్టూలు తడుముకుని కూర్చుంటూ.

కొంత వచ్చిందమ్మా, వింటూ ఉండు, మిగతాది తీస్తాను అని ఈలాయన హెడ్‌ఫోను ఆమె చేతికిచ్చాడు. కాస్త టైము చిక్కితే చాలనుకున్నాడు. తను ఆ పదకొండు గంటలూ పూర్తిగా వినలేదు. మొదలూ చివరా విన్నాడు, మాస్టారి గొంతే, చాలనుకున్నాడు. అమ్మేటప్పుడు చేసిన పనే తీసేటప్పుడూ చేశాడు.

కౌంటరు దగ్గర ఈలాయన భార్య ఫోన్ అద్దాలు అతికిస్తోంది. మాస్టారు పలక ఒళ్లో పెట్టుకుని మేనకోడలి మొహాన్నే చూస్తున్నాడు, తన గొంతు ఆమె చెవిలో నడుస్తుంటే ఆ మొహం ఎలా ఉంటుందో ఆయనకి కొత్త. చదివేటప్పుడు ఎప్పుడూ పుస్తకంలోకే చూశాడు కదా. మొదట పెదాలు కదిలించింది, ఆయన వెంటే సెక్షన్లు అప్పజెబుతూ. తర్వాత నుదురు ముడిపడింది. ఒక హెడ్‌ఫోను పక్కకి జరిపి, "మీరు సాక్ష్యాల చట్టం అని చెప్పి పెట్టారు. లోపల పన్నుల చట్టం చదువుతున్నాడు మామయ్య" అంది. ఈలాయన తెర మీద పేరు మళ్లీ చూసుకున్నాడు. ఆమె మళ్లీ హెడ్‌ఫోను సర్దుకుంది.

ఇంకో అరగంట గడిచింది. ఆమె ఒక్కసారిగా కదలడం మానేసింది. బటన్ తడిమి వెనక్కి జరిపి మళ్లీ వింది. మూడోసారి వైరు పీకేసి స్పీకరుకి పెట్టమంది. ఈలాయన పెట్టాడు. షాపంతా మాస్టారి పాత గొంతు నిండింది. అప్పటికే అది బొంగురుపోయి ఉంది, ముక్కముక్కకీ ఊపిరి తీసుకుంటోంది. 'ఇక్కడ జాగ్రత్తగా వినమ్మా, దీన్ని పరీక్షలో తిప్పి అడుగుతారు. సాక్షి అబద్ధం చెప్పాడని తేలిన తర్వాత,' అని ఆ గొంతు అక్కడ ఆగిపోయింది.

ఆ చోట ఈల మొదలైంది. పైకి ఎక్కింది, కిందకి దిగింది, రెండున్నర నిమిషాలు. అయిపోయి మళ్లీ మొదలైంది.

భార్య అతికిస్తున్న అద్దంలో గాలి బుడగ మిగిలిపోయింది. మాస్టారు తల తిప్పి ఈలాయన వైపు చూశాడు. దొంగకి తేలు కుట్టినట్టు ఈలాయన నిలబడ్డాడు, అరవడానికీ లేదు, ఊరుకోవడానికీ లేదు.

"మీ షాపు ఈల నా పుస్తకం మధ్యలోకి ఎలా వచ్చింది బాబాయ్?" అని అడిగింది ఆమె. కోపంగా కాదు, దారి అడిగినట్టు అడిగింది.

ఈలాయన అబద్ధాలకి కొదవ లేని మనిషి. వైరస్ అనవచ్చు, కంప్యూటర్ కలిపేసింది అనవచ్చు. రెండూ నోటి దాకా వచ్చాయి. కానీ ఈల ఆగకుండా మోగుతోంది. తన ఈల మీద తనే అబద్ధం ఆడటానికి నోరు రాలేదు. స్పీకరు ఆపి, కుర్చీ లాక్కుని, ఆమె ఎదురుగా కూర్చున్నాడు.

"ఇది గోడౌను అనుకో అమ్మా. ఎనిమిది బస్తాలు పట్టే గోడౌను. బయట నూట ఇరవై ఎనిమిది అని బోర్డు కట్టారు. లోపల గుమాస్తా ఒకడు ఉంటాడు, వాడికి అబద్ధం నేర్పి కూర్చోబెట్టారు. ఎనిమిది నిండాక తొమ్మిదో బస్తా వస్తే కాదనడు. మొదటి బస్తా బయట పారేసి, దాని చోట తొమ్మిదోది పెడతాడు. రసీదు మాత్రం తొమ్మిదింటికీ రాస్తాడు. మీరు చూసుకున్నవి రసీదులు."

"అంటే మామయ్య చదివే కొద్దీ..."

"చదివే కొద్దీ వెనకది పోయింది. ఏడు సార్లు తిరిగింది గోడౌను. మిగిలింది చివరి అరవై గంటలు. నాణ్యత తక్కువ పెట్టుకుని ఉంటే రెండొందల యాభై మిగిలేవి. పెద్ద డ్రైవే కదా, పెద్ద నాణ్యత పెట్టండని నేనే చెప్పాను."

"ఈల సంగతి చెప్పండి."

చెప్పాడు. ఆపరేషన్‌కి వారం ముందు మాస్టారు ఒక్కడే వచ్చాడు. అప్పటికి చదవడం అయిపోయింది. మొదటి పుస్తకం తెరిస్తే పద్దెనిమిదోది వినిపిస్తోందయ్యా, డ్రైవ్‌లో ఏదో తేడా ఉందని బొంగురు గొంతుతో అన్నాడు. షాపులో నలుగురు గిరాకులు ఉన్నారు. నలుగురి ముందు సరుకు మీద మాట పడనివ్వడం వ్యాపారి లక్షణం కాదు. తేడా మీ మిషన్‌లో ఉంది మాస్టారూ, డ్రైవ్ బంగారం అని, అది రుజువు చేయడానికి ఈలనే ఐదు వందల కాపీలు ఎక్కించాడు. చూడండి, ఎంత పోసినా పడుతోంది, ఇంకా ఎంత ఖాళీ ఉందో అని అంకె చూపించాడు. నలుగురూ తలలూపారు. తర్వాత ఆ కాపీలు చెరిపేసి డ్రైవ్ చేతిలో పెట్టాడు. గుమాస్తా ఈలలకి చోటిచ్చి, వాటి కింద ఉన్న ఇరవై ఒక్క గంటల చదువు పారేశాడు. మిగిలిన ముప్పై తొమ్మిదిలో పదకొండు ఈ కంప్యూటర్‌లో ఉన్నాయి, ఆ పదకొండింటి మధ్యలోనూ ఈలలే. ఆదివారం సాయంత్రం డ్రైవ్ మొరాయించింది. ఇప్పుడది పెడితే కంప్యూటర్ సున్నా అంటోంది.

"ఆ రోజు మీకు తెలుసా?"

"తెలియదమ్మా." మళ్లీ తనే సరిదిద్దుకున్నాడు. "తెలుసుకోదలుచుకోలేదు. పది నిమిషాల పని. లోపలి చిప్పు ఎంతో చెప్పే టూల్ నా దగ్గరే ఉంది."

మాస్టారు బలపం అందుకున్నాడు. చిన్నగా రాశాడు, రాసి ఒకసారి చూసుకున్నాడు, లెక్కల మాస్టారు కదా. పలక ఈలాయన వైపు తిప్పాడు. కౌంటరులో ఉన్న భార్య వైపు తిప్పవచ్చు, తిప్పలేదు.

"ఏం రాశాడు?" అంది మేనకోడలు.

చదివేది తను, వినేది చూడలేని పిల్ల, రాసినాయన నోరు తెరిచి అది కాదనలేడు. ఇంత సులువైన మోసం ఈలాయనకి జీవితంలో దొరకలేదు. చదివాడు. "ఏడు రోజులు. రోజుకి ఎనిమిది గంటలు. యాభై ఆరు."

ఆమెకి వెంటనే అర్థం కాలేదు. ఈలాయనకి అయింది. ఆ రోజు నిజం చెప్పి ఉంటే మాస్టారి గొంతులో ఇంకా ఏడు రోజులు ఉన్నాయి. ముఖ్యమైన రెండు మూడు పుస్తకాలు మళ్లీ చదివేవాడు. ఆ ముక్క ఈలాయనే ఆమెకి విడమరిచి చెప్పవలసి వచ్చింది, చెప్పాడు. ఆమె చెయ్యి చాచి పలక తడిమింది. సుద్ద వేళ్లకి అంటుకుంది గానీ అంకెలు అందలేదు.

నీ తమ్ముడి సరుకు అని ఎవరూ అనకముందే ఈలాయన భార్య లేచింది. సొరుగు లాగి, మిగిలిన ఇరవై ఏడూ తెచ్చి కౌంటరు మీద గుమ్మరించింది. "మా తమ్ముడు తెచ్చాడు, ఒప్పుకుంటాను. ఈల వేసింది ఎవరు?" అంది. మళ్లీ వెళ్లి కూర్చుంది. ఆ రోజుకి ఆమె మాట్లాడింది అంతే.

ఇక మిగిలింది రిపేరు. వేరే ఊళ్లో చిప్పు ఊడదీసి నేరుగా చదివేవాళ్లు ఉన్నారు, ఈలాయన కనుక్కున్నాడు. వరసలో పెడితే రెండు నెలలు అన్నారు, ఆపైన ఇలాంటి నకిలీ సరుక్కి మాట ఇవ్వలేమన్నారు. రెండు నెలల తర్వాత వచ్చే పుస్తకం ముప్పై ఎనిమిది రోజుల పరీక్షకి పనికిరాదు. వేరే ఎవరైనా చదివిపెట్టినా రోజుకి పది గంటల చొప్పున మూడు వందల ఎనభై. నాలుగు వందలకి అదీ చాలదు, విని తలకెక్కించుకునే టైము దాంట్లో లేనే లేదు. షాపులో చేయగలిగింది ఒక్కటే, గుమాస్తాని మార్చడం. చిప్పు కాళ్లలో రెండింటిని సూదితో కలిపి పట్టుకుని కంప్యూటర్‌కి పెడితే, గుమాస్తా పాత బుద్ధులన్నీ మరిచి పసివాడిలా లేస్తాడు. అప్పుడు టూల్‌తో వాడికి కొత్త బుద్ధి ఎక్కించాలి. గోడౌను ఎంతో అంతే చెప్పమని నేర్పాలి.

"అలా చేస్తే డ్రైవ్ బాగవుతుందా, పుస్తకాలు బాగవుతాయా?" అంది ఆమె.

"డ్రైవ్ బాగవుతుంది."

"పుస్తకాలు?"

"కొత్త గుమాస్తా వస్తూనే గోడౌను ఊడ్చేస్తాడమ్మా. ఊడ్చవద్దని చెప్పే గడి ఒకటి ఉంది టూల్‌లో. వాడు వింటాడో లేదో. పదికి ఒకటి అనుకో." పదిహేనేళ్లలో ఆ షాపులో ఒక గిరాకుకి ఆయన చెప్పిన మొదటి తక్కువ అంకె అది.

ఆమె మామయ్య వైపు అరచెయ్యి చాచింది. మాస్టారు దాంట్లో వేలితో ఏదో రాశాడు. ఆమె పిడికిలి మూసుకుంది. "కానివ్వండి" అంది.

ఈలాయన దగ్గర టూల్‌లు మూడు రకాలు ఉన్నాయి. మొదటిది చిప్పుని గుర్తుపట్టనే లేదు. సూది రెండుసార్లు జారింది. మోచెయ్యి బల్లకి ఆనించుకున్నాడు. రెండోది గుర్తుపట్టింది, చిప్పు నంబరు చూపించింది. కర్మాగారంలో పనికిరాదని పక్కన పడేసిన బాపతు చిప్పు. ఊడ్చవద్దనే గడి చూసుకున్నాడు, ఇంకోసారి చూసుకున్నాడు. భార్యని పిలిచి చూడమన్నాడు. తర్వాత నొక్కాడు.

తెర మీద పట్టీ నాలుగు నిమిషాల పాటు నిండుతూ వెళ్లింది. ఎంత అయిందని ఆమె అడిగినప్పుడల్లా అంకె చెప్పాడు. తొంభై దగ్గర చాలాసేపు నిలబడింది. వందకి వచ్చి ఆకుపచ్చగా మారింది. తెర మీద సరైపోయిందన్న మాట వచ్చింది. ఆదివారం నుంచీ చచ్చినట్టు పడి ఉన్న డ్రైవ్ లేచి కూర్చుంది.

తెరిచాడు. ఏమీ లేదు. చెరిపినవి వెతికే ప్రోగ్రాము పెట్టి మొదటినుంచి చివరిదాకా వెతికించాడు, ఇంకో ఇరవై నిమిషాలు. గడి పెట్టినా కొత్త గుమాస్తా వినలేదు. ఒక్క సెక్షను లేదు, ఒక్క ఊపిరి లేదు. ఈల కూడా లేదు.

"ఎంత ఉంది?" అంది ఆమె.

"ఏడు పాయింటు రెండు."

"గంటలా?"

"జీబీలు. ఖాళీ."

ఆమె తలూపింది. ఏడుస్తుందనుకున్నాడు, ఏడవలేదు. మామయ్య మోకాలి మీద చెయ్యి వేసి, పోనీలే మామయ్యా, మొదటి రెండు పుస్తకాలైనా ఇంకోచోట ఉంటాయిగా అంది. ఈలాయన చటుక్కున తలెత్తాడు. ఎక్కడున్నాయని అడిగాడు.

హాస్టల్లో ఒక స్నేహితురాలు ఉండేదట, ఆమెకీ చూపు లేదు, ఆమెదీ ఇదే కోర్సు. మొదట్లో, రెండు పుస్తకాలు పూర్తవగానే, మామయ్య వాటిని ఇంకో డ్రైవ్‌లో వేసి ఆ పిల్లకి ఇచ్చాడు. నలభై ఐదు గంటలు. ఆమె చదువు మానేసి వాళ్ల అక్క ఇంటికి వెళ్లిపోయింది.

ఈలాయన వేళ్ల మీద లెక్క వేశాడు. నలభై ఐదు గంటలంటే ఐదు జీబీలు. ఎనిమిది బస్తాల గోడౌనులోనైనా ఐదు పడతాయి. ఇంకేమీ పోయకుండా ఉంటే ఉన్నవి ఉన్నట్టే ఉంటాయి. అది మాస్టారి గొంతు బాగున్నప్పటి చదువు కూడా. మొదటి రెండు పేపర్లు గట్టెక్కుతాయి. ఆ డ్రైవ్ ఎక్కడ కొన్నారని ఆయన అడగక తప్పలేదు. మాస్టారు పలక ముట్టుకోలేదు. రెండు వేళ్లు చూపించాడు. ఆ రోజు ఆయన రెండు కొన్నాడు.

"అదే పెట్టెలోది" అన్నాడు ఈలాయన. "ఫర్వాలేదు. ఇంకేమీ ఎక్కించకుండా ఉంటే చాలు. ఇన్నాళ్లూ ఆ సంగతి ఎందుకు చెప్పలేదమ్మా?"

"మీరు దుమ్మన్నారు కదా బాబాయ్. దుమ్ముకి ఇంకో కాపీ ఎందుకు?" అంది ఆమె. "మొన్న శుక్రవారం తనే ఫోన్ చేసింది. నీ డ్రైవ్ నాకింక అక్కర్లేదే, ఆదివారం అక్క పిల్లలతో ప్రయాణం, వాళ్లకి బొమ్మల సినిమాలు ఎక్కించి ఇచ్చెయ్యనా అని. మాది బాగవుతోంది, ఇచ్చెయ్ అన్నాను. పుస్తకాలు అలాగే ఉండనిస్తానంది, చోటు చాలా ఉందట."

ఈలాయన ఆ మాట చివరిదాకా విని, ఫోన్ ఆమె చేతికిచ్చాడు. నంబరు ఆమెకి నోటికి వచ్చు. నొక్కి, స్పీకరులో పెట్టి బల్ల మీద ఉంచింది.

అది మోగుతుండగానే ఆయన ఆ పూట లెక్క తేల్చుకున్నాడు. చేతికి వచ్చినవి: అబద్ధం మానేసిన డ్రైవ్ ఒకటి, ఏడు పాయింటు రెండు, ఖాళీ. పదకొండు గంటల చదువు, దాని మధ్య మధ్య నాలుగు గంటల తన ఈల. కౌంటరు మీద ఇరవై ఏడు, ఇక అమ్మలేనివి. బయట ఇంకో డెబ్బై ఒకటి, ఎవరెవరి దగ్గర ఉన్నాయో, వాటిలో ఏమేం పోసుకున్నారో తెలియనివి. పలక మీద యాభై ఆరు, ఎవరూ తుడవనిది. నలభై ఐదు గంటలు, ఉంటే. శుక్రవారం నుంచి ఈ రోజుకి ఐదు రోజులు.

ఫోన్ ఎత్తారు. ముందు మాట వినిపించలేదు. వెనక టీవీలో ఏదో బొమ్మల సినిమా నడుస్తోంది, పిల్లలు నవ్వుతున్నారు.